‘పుట్ అప్’ అంటే అసలు ఎన్ని అర్థాలు? ఒక్కటీ ఇంకోదానితో కలవట్లేదు

ఎస్ఆర్‌నగర్_హాస్టల్
ఒకే మాట ఈ మధ్య తలా ఒక రకంగా వాడుతుంటే విని బుర్ర వేడెక్కిపోయింది, అందుకే ఇక్కడ అడుగుతున్నా. మాది ఖమ్మం వైపు, ఇంటర్ దాకా తెలుగు మీడియం, ఇప్పుడు హైదరాబాద్ ఎస్ఆర్ నగర్‌లో హాస్టల్లో ఉండి ఐఈఎల్‌టీఎస్‌కి, అదే ఫారిన్ వెళ్ళడానికి రాసే ఇంగ్లీష్ పరీక్షకి ప్రిపేర్ అవుతున్నా. కోచింగ్‌లో ఇచ్చిన ఫ్రేజల్ వెర్బ్స్ షీట్‌లో ‘పుట్ అప్ విత్ = భరించు’ అని ఒక్క లైను ఉంది, బట్టీ కొట్టేశా, అయిపోయింది అనుకున్నా. మొన్న పార్ట్ టైమ్ జాబ్‌కి వెళ్తే ఇంటర్వ్యూ చేసిన పెద్దాయన ‘వేర్ ఆర్ యూ పుటప్’ అన్నాడు. బర్మింగ్‌హామ్‌లో ఉండే మా పెద్దమ్మ కొడుకు ఫోన్లో ‘వి విల్ పుట్ యూ అప్ రా, రూమ్ గురించి టెన్షన్ పడకు’ అన్నాడు. మా బాబాయ్ గవర్నమెంట్ ఆఫీసులో చేస్తాడు, ఆయనేమో రోజూ ‘ఫైల్ పుటప్ చేశా, సార్ దగ్గరుంది’ అంటాడు. ఇవన్నీ ఒకటే మాటా లేక వేరే వేరేనా? లిస్ట్ ఇచ్చి వదిలెయ్యకండి ప్లీజ్, గుర్తుండే దారి ఏదైనా ఉంటే చెప్పండి. డిక్షనరీ చూడమని మాత్రం అనొద్దు, చూశా, అందులో ఇంకో పది ఉన్నాయి.

ఇరానీ_చాయ్
ఎక్కడ పుటప్ అంటే ఎక్కడ ఉంటున్నవ్ అని. పెద్దోళ్ల ఇంగ్లీష్ భాయ్ అది. మా మామ బ్యాంకుల జేశిండు, ఇంటికి ఎవరొచ్చినా చాయ్ ఇయ్యకముందే గదే అడుగుతడు.

నల్లకుంట_మాస్టారు
ఇరానీ చెప్పింది కరెక్టే కానీ అక్కడితో ఆగితే ఈ అబ్బాయికి పరీక్షలో ఇబ్బంది. పాతకాలం ఇంగ్లీష్‌లో ప్రయాణికుడు దారిలో సత్రంలో దిగితే ‘పుట్ అప్ ఎట్ ఎన్ ఇన్’ అనేవాళ్ళు, గుర్రాన్ని లాయంలో కట్టేసినా పుట్ అప్ అనేవాళ్ళు. మన వాళ్ళు ఆ మాట దొరలతో పాటు పంపించెయ్యకుండా దాచుకున్నారు, అందుకే ‘వేర్ ఆర్ యూ పుటప్’ ఇక్కడ ఇంకా బతికే ఉంది. ఇప్పుడు బ్రిటన్‌లో ఎక్కువగా వాడేది మీ అన్నయ్య వాడినట్టు. అంటే ఇంటాయన అతిథిని పుట్ అప్ చేస్తాడు, మన ఇంట్లో పడుకోడానికి చోటిస్తాడు, అదీ కొన్నాళ్ళకే. అతిథి మాత్రం ‘ఐ యామ్ స్టేయింగ్ విత్ మై కజిన్’ అంటాడు. స్పీకింగ్ టెస్ట్ పార్ట్ 1లోనే ఎక్కడ ఉంటావు, ఇల్లెలా ఉంటుంది అని అడుగుతారు కాబట్టి అక్కడ ‘ఐ యామ్ పుటప్ ఎట్ ఎస్ఆర్ నగర్’ అనకు. శుభ్రంగా ‘ఐ లివ్ ఇన్ ఎ హాస్టల్ ఇన్ ఎస్ఆర్ నగర్’ అను. ‘పుటప్ ఎట్’ తప్పు అని కాదు, వినేవాడికి అలవాటు లేని ఇంగ్లీష్.

కూకట్‌పల్లి_కాకి
తప్పు కాదు అంటూనే అనకు అంటారేంటి మాస్టారూ. మన ఇంగ్లీష్ మనం ఎందుకు మాట్లాడకూడదు, ఆస్ట్రేలియా వాడు వాడిది మాట్లాడితే స్టైలు, మనం మాట్లాడితే మిస్టేకా

నల్లకుంట_మాస్టారు
@కూకట్‌పల్లి_కాకి మాట్లాడు బాబూ, నేనూ మాట్లాడతాను. ఫీజు కట్టి పరీక్ష రాసేది మాత్రం ఆ అబ్బాయి.

తపాల్_సెక్షన్
ఫైలు పుటప్ సంగతి నేను చెప్తా, సర్వీసంతా అదే పని చేసి రిటైర్ అయ్యాను. ఆఫీసుకి తపాల్లో ఒక కాగితం వస్తుంది, దాన్ని మా దగ్గర కరెంట్ అంటారు, లైట్లు వెలిగే కరెంట్ కాదు. దానికి నంబరు పడుతుంది. సీటులో ఉన్న క్లర్కు పాత కాగితాలు వెతికి, రూలు ఏం చెప్తోందో చూసి నోట్ రాసి, నోట్ ఫైలు కరెంట్ ఫైలు రెండూ జతచేసి ట్యాగు కట్టి సూపరింటెండెంటు టేబుల్ మీదకి పంపుతాడు, ఆయన చూసి ఆఫీసరుకి పంపుతాడు. ఆ పంపడమే పుటప్. గమనించండి, కింద నుంచి పైకి వెళ్తేనే పుటప్. ఆఫీసరు కిందికి పంపితే పుటప్ అనరు, మార్క్ చేశారు అంటారు. ఈ-ఆఫీసు వచ్చాక ట్యాగు లేదు దారం లేదు, మౌస్ నొక్కితే పైకి పోతోంది, అయినా మాట మాత్రం మారలేదు.

దీనికన్నా తమాషా ఇంకోటి ఉంది. ఆఫీసరు కాగితం మార్జిన్లో ‘పుట్ అప్ విత్ ఫైల్’ అని రాసి సంతకం గీకుతాడు. మీ కోచింగ్ షీటు ప్రకారం చదివితే ‘ఫైలుని భరించు’ అని ఆర్డరు! మా లెక్కలో అర్థం ఏంటంటే ఈ కాగితాన్ని దాని పాత ఫైలుతో కలిపి నా ముందు పెట్టు అని. గ్రూప్-4లో కొత్తగా వచ్చిన అమ్మాయి ఒకతె, ఎమ్మే ఇంగ్లీషు, మొదటి వారంలో ఈ మాట చూసి కాగితం అడ్డం పెట్టుకుని ఒకటే నవ్వు. సార్ ఇంత ఓపెన్‌గా రాస్తారా అంటుంది. నాకు చాలాసేపు ఎందుకు నవ్వుతోందో అర్థం కాలేదు.

ఇరానీ_చాయ్
😂😂 ఫైలుని భరించు

సందేహాల_పుట్ట
రెండర్థాలూ సరిపోతాయి సార్. ఒక ఆఫీసులో మా నాన్న పెన్షన్ ఫైలు పుటప్ అయి ఎన్నాళ్ళో అయింది, ఆయన ఇంకా పుట్ అప్ విత్ చేస్తూనే ఉన్నాడు.

నాంపల్లి_నల్లకోటు
కోర్టులో కూడా ఉంది ఇది. ఢిల్లీ వైపు ఆర్డర్ షీట్లు చూడండి, ‘పుట్ అప్ ఫర్ ఆర్గ్యుమెంట్స్ ఆన్’ అని తారీఖు వేస్తారు, అంటే ఆ రోజు వాదనల కోసం కేసు మళ్ళీ జడ్జి ముందు పెట్టండి అని. మన దగ్గర డాకెట్‌లో ‘కాల్ ఆన్’ అని రాస్తారు. కాల్ ఆన్ అంటే డిక్షనరీలో ఎవరింటికైనా చూడ్డానికి వెళ్ళడం. క్లయింటు మాత్రం రెండిటికీ వాయిదా అనే అంటాడు, వాడి బాధ వాడిది.

ఉప్పల్_ఆరెంజ్
క్రికెట్ మర్చిపోయారు అందరూ. 2024 మార్చి 27న ఉప్పల్‌లో ఐపీఎల్ మ్యాచ్‌లో మనోళ్ళు, సన్‌రైజర్స్, ముంబై మీద 277 ఫర్ 3 కొట్టారు కదా, కామెంటరీలో అలాంటప్పుడు ‘పుట్ అప్ 277’ అంటారు, స్కోరు బోర్డు మీద పెట్టారు అని. ముంబై వాళ్ళు ఊరికే కూర్చోలేదు, 246 దాకా వచ్చి 31 రన్స్‌తో ఓడిపోయారు, దాన్ని ‘పుట్ అప్ ఎ ఫైట్’ అంటారు, అంటే ఓడినా గట్టిగా ఆడారు అని. టాస్ గెలిచి మనల్ని బ్యాటింగ్‌కి దింపింది వాళ్ళే, అది ‘పుట్ ఇన్’, దాంతో కలపొద్దు. ఆ రోజు నేను స్టాండ్‌లో ఉన్నా, క్లాసెన్ కొడుతుంటే పక్కన ముంబై జెర్సీ వేసుకున్న అంకుల్ మొహం

కూకట్‌పల్లి_కాకి
@ఉప్పల్_ఆరెంజ్ టాపిక్ ఏదైనా నీకు అదే మ్యాచ్

తార్నాక_తొందర
నేను ఇఫ్లూలో, అదే తార్నాక దగ్గర ఇంగ్లీష్, విదేశీ భాషల యూనివర్సిటీలో చదువుతున్నా కాబట్టి కొంచెం క్లాసు పీకుతా, తిట్టుకోకండి. ఈ గోల కొత్తదేం కాదు. 1755లో శామ్యూల్ జాన్సన్ తన డిక్షనరీ ముందుమాటలోనే మొత్తుకున్నాడు, మేం క్రియ వెనకాల ఒక చిన్న ముక్క తగిలించి అర్థం మార్చేస్తాం, బయటి దేశాల వాళ్ళకి అన్నిటికన్నా కష్టం ఇదే అని. ఫ్రేజల్ వెర్బ్ అనే పేరు చాలా తర్వాత వచ్చింది. 1925లో లోగన్ పియర్సాల్ స్మిత్ అనే రచయిత ఆ పేరు వాడుతూ ఇది నాకు హెన్రీ బ్రాడ్లీ చెప్పిన పేరు అన్నాడు, బ్రాడ్లీ ఆక్స్‌ఫర్డ్ డిక్షనరీ ఎడిటర్లలో ఒకడు. ఇక ఒక్క ‘పుట్’ సంగతే చూడండి. ఆక్స్‌ఫర్డ్ డిక్షనరీ 1989లో 20 సంపుటాలుగా వచ్చినప్పుడు అన్నిటికన్నా పొడుగు ఎంట్రీ ‘సెట్’. తర్వాత తిరగరాస్తూ వస్తుంటే 2000లో ‘మేక్’ దాన్ని దాటింది, 2007లో ‘పుట్’ దాటింది, 2011లో ‘రన్’ 645 అర్థాలతో మొదటి ప్లేసు కొట్టేసింది. అంటే ఎస్ఆర్‌నగర్ తమ్ముడు పట్టుకుంది మాజీ ఛాంపియన్‌ని.

గుర్తుపెట్టుకోడానికి నేను చేసేది ఏంటంటే, ‘పుట్ అప్’ని చూడను, దాని తర్వాత ఏం వస్తోందో చూస్తా. నోటీసు, పోస్టర్, కర్టెన్లు వస్తే గోడకి తగిలించడం. టెంటు, గోడ, విగ్రహం వస్తే నిలబెట్టడం. రెంటు, ఫీజు వస్తే పెంచడం. డబ్బు వస్తే ఇన్వెస్ట్ చెయ్యడం, క్యాండిడేట్ వస్తే ఎలక్షన్‌లో నిలబెట్టడం, మనిషి వస్తే ఇంట్లో చోటివ్వడం. వీటన్నిటిలో ‘అప్’ చేసే పని దాదాపు ఒకటే, ఇప్పటిదాకా కింద ఉన్నదో కనపడనిదో పైకి లేచి అందరి ముందుకి వస్తోంది. మీ బాబాయ్ ఫైలు కూడా అంతే, ఆఫీసరు కళ్ళ ముందుకి వెళ్ళింది.

బృందావన్_పిన్ని
ఎందుకమ్మా అంత దూరం వెళ్ళడం, మన ‘పెట్టు’ లేదూ? తార్నాక అమ్మాయి లిస్టే తీసుకోండి. డబ్బు పుట్ అప్ చెయ్యడం పెట్టుబడి పెట్టడం, మాటలోనే పెట్టు ఉంది. వేలానికి పుట్ అప్ చెయ్యడం వేలానికి పెట్టడం. క్యాండిడేట్‌ని నిలబెట్టడం. విగ్రహం నిలబెట్టడం, హుస్సేన్‌సాగర్ బుద్ధుడు 1990లో నీళ్ళలో పడిపోతే 1992 డిసెంబర్‌లో తీసి నిలబెట్టారు కదా, అక్కడా పెట్టే. వాళ్ళ పాత కథల్లో ఆడపిల్ల పెద్దదయ్యాక జుట్టు పుట్ అప్ చేసిందని రాస్తారు, మనం కొప్పు పెట్టుకుంది అంటాం. ఒక్క పెట్టుతో మనం అన్నం పెడతాం, పేరు పెడతాం, కేసు పెడతాం, ముద్దు పెడతాం, వంక పెడతాం, ముహూర్తం పెడతాం, కొంపకి చిచ్చు కూడా పెడతాం. ఇవన్నీ ఎవరూ లిస్టు రాసుకుని నేర్చుకోలేదు. వాళ్ళకీ అంతే.

ఎస్ఆర్‌నగర్_హాస్టల్
పిన్ని గారూ ఇది బాగా ఎక్కింది నాకు. వేలం అంటే గుర్తొచ్చింది, 2023లో కోకాపేట భూములు వేలానికి పెట్టారు, ఎకరం 100 కోట్లు దాటింది, అది ‘ల్యాండ్ వజ్ పుట్ అప్ ఫర్ ఆక్షన్’ అంతేగా?

తార్నాక_తొందర
అంతే. ‘పుట్ అప్ ఫర్ సేల్’ కూడా అదే కుటుంబం.

ఇరానీ_చాయ్
ఎకరం 100 కోట్లు. గా జాగల మనం టెంట్ గూడ పుట్ అప్ చెయ్యలేం భాయ్

పిల్లర్_నంబర్_ఎంత
పిన్ని గారి థియరీ వినడానికి బాగుంది కానీ సగం దూరమే వస్తుంది. చెయ్యి పుట్ అప్ చేస్తే ‘ఎత్తు’, పెట్టు కాదు. ఖైరతాబాద్‌లో పందిరి ‘వేస్తారు’, పందిరి పెట్టరు. రెంటు ‘పెంచుతారు’. గొడుగు పుట్ అప్ చేస్తే ‘తెరుస్తాం’ లేదా ‘వేసుకుంటాం’. పోస్టరు ‘అంటిస్తాం’. తెలుగు మాటతో ముడేసి నేర్చుకుంటే ఆ తమ్ముడు పరీక్షలో అన్నం కూడా పుట్ అప్ చేస్తాడు. తార్నాక చెప్పిందే నయం, తర్వాత వచ్చే మాట చూడ్డం.

బృందావన్_పిన్ని
@పిల్లర్_నంబర్_ఎంత అన్నిటికీ అదే అని నేనెక్కడన్నాను నాయనా. పెట్టుకి అన్ని అర్థాలుంటే మనకి బెదురు లేదు, పుట్‌కి ఉంటే ఎందుకు బెదురు అంటున్నా. పందిరి వెయ్యడం నాకూ తెలుసు, నా పెళ్ళికీ వేశారు.

డల్లాస్_వదిన
తార్నాక అమ్మాయి ‘కళ్ళ ముందుకి వస్తుంది’ అన్న థియరీ టెక్సస్‌లో చెల్లదు 🙂 ఇక్కడ పుట్ అప్ అంటే చాలాసార్లు లోపల పెట్టెయ్యడం. భోజనం అయ్యాక ‘పుట్ అప్ ది డిషెస్’ అంటారు, కడిగిన గిన్నెలు అలమారలో సర్దెయ్యమని. పిల్లలకి ‘పుట్ అప్ యువర్ టాయ్స్’ అంటారు, బొమ్మలు తీసి లోపల పెట్టమని. మేం హైదరాబాద్ నుంచి వచ్చిన కొత్తలో మా చిన్నాడి క్లాసులో టీచర్ ‘పుట్ యువర్ ఫోన్స్ అప్’ అందంట, పిల్లలందరూ బ్యాగులో వేసుకున్నారు, వీడొక్కడూ ఫోను చేత్తో పైకెత్తి పట్టుకుని బుద్ధిగా కూర్చున్నాడంట. టీచర్ ఇంకోసారి అంది. వీడు ఇంకొంచెం పైకెత్తాడు. సాయంత్రం ఇంటికొచ్చి నేను చెప్పినట్టే చేశా కదా అమ్మా అని ఒకటే ఏడుపు. ఇంగ్లీష్ మీడియంలోనే చదివాడు వాడు, గచ్చిబౌలిలో, వేలకి వేలు ఫీజు కట్టి.

ఇరానీ_చాయ్
ఇంకొంచెం పైకెత్తిండు 😂😂😂 నా పొట్ట నొస్తుంది

పిల్లర్_నంబర్_ఎంత
ఇప్పుడేమంటావ్ తార్నాకా

తార్నాక_తొందర
వదిన గారు చెప్పింది నిజమే, నా లెక్కలో ఆ ముక్క వదిలేశా. పైగా అది పాతదే. 1611 కింగ్ జేమ్స్ బైబిల్లో యోహాను సువార్త 18వ అధ్యాయంలో పేతురు కత్తి దూస్తే యేసు ‘పుట్ అప్ దై స్వర్డ్ ఇంటూ ది షీత్’ అంటాడు, కత్తి ఒరలో పెట్టు అని. అంటే లోపల పెట్టడం, దాచడం అనే అర్థం అప్పటికే ఉంది, తర్వాత బ్రిటన్‌లో ఆ పనికి ‘పుట్ అవే’ బాగా అలవాటైంది, అమెరికా దక్షిణాదిలో పాత మాటే నిలిచింది. మాస్టారు చెప్పిన గుర్రాన్ని లాయంలో కట్టెయ్యడం కూడా ఈ వైపుదే అని నాకనిపిస్తోంది. సో రెండు గుంపులు పెట్టుకోండి, బయటికి కనపడేలా పెట్టేది ఒకటి, జాగ్రత్తగా లోపల పెట్టేది ఒకటి. ఐఈఎల్‌టీఎస్‌కి మొదటి గుంపు చాలు.

కూకట్‌పల్లి_కాకి
కనపడేలా పెట్టడం, కనపడకుండా పెట్టడం రెండూ ఒకే మాటా. ఏం భాషరా నాయనా ఇది

బృందావన్_పిన్ని
అదేం వింత? ‘ఫోను పక్కన పెట్టు’, ‘ఫోను టేబుల్ మీద పెట్టు’, ‘ఫోను లోపల పెట్టు’ మూడూ రోజూ మా మనవడితో నేనే అంటా. వాడు ఒక్కటీ చెయ్యడు, అది వేరే సంగతి.

డల్లాస్_వదిన
పిన్ని గారికి ఇంకోటి ఇస్తా. మా పక్కింట్లో పెద్దావిడ ఉంది, ఇక్కడే పుట్టి పెరిగింది, వేసవిలో పీచ్ పళ్ళు, దోసకాయలు గాజు సీసాల్లో పచ్చడి, జామ్ చేసి నిలవ చేస్తుంది, మూత బిగించే ఆ సీసాల్ని మేసన్ జార్ అంటారు, జాన్ మేసన్ అనే ఆయన 1858లో పేటెంటు తీసుకున్నవి. ఆ పని మొత్తాన్ని ఆవిడ ‘పుటింగ్ అప్ పీచెస్’, ‘పుటింగ్ అప్ పికిల్స్’ అంటుంది. నేను విని మా ఆయనతో అన్నా, ఇదేంటండీ అచ్చం మన ‘ఆవకాయ పెట్టడం’లా ఉంది అని. నాకు ఆ మాట ఎవరూ నేర్పక్కర్లేకుండా వచ్చేసింది, పోయిన మే నెలలో నేను కూడా ‘ఐ పుట్ అప్ సమ్ ఆవకాయ’ అని చెప్పి ఆవిడకి ఒక సీసా ఇచ్చా. మూడోరోజు కలిపి నూనె తేలాకే ఇచ్చాను. ఆవిడ దాన్ని బ్రెడ్డు మీద రాసుకుందని తర్వాత తెలిసింది.

బృందావన్_పిన్ని
చూశారా! @పిల్లర్_నంబర్_ఎంత ఇప్పుడు చెప్పు

పిల్లర్_నంబర్_ఎంత
ఆవకాయతో వాదించడం నా వల్ల కాదు పిన్నీ. ఈ ఒక్కటి మీదే.

సందేహాల_పుట్ట
గ్రామర్ డౌట్. ‘పుట్ మీ అప్’ అంటున్నారు, మనిషి మధ్యలోకి వచ్చాడు. ‘పుట్ అప్ విత్ మీ’లో చివరికి పోయాడు. ఎప్పుడు మధ్యలో ఎప్పుడు చివర?

నల్లకుంట_మాస్టారు
మంచి ప్రశ్న. ఉత్త ‘పుట్ అప్’ అయితే విడిపోతుంది. ‘పుట్ అప్ ది నోటీస్’ అనొచ్చు, ‘పుట్ ది నోటీస్ అప్’ అనొచ్చు. కానీ నోటీస్ బదులు ‘ఇట్’ అన్నామంటే అది మధ్యలోనే రావాలి, ‘పుట్ ఇట్ అప్’. ‘పుట్ అప్ ఇట్’ అనకూడదు, మన పిల్లలు ఎక్కువగా పడేది ఇక్కడే. ‘పుట్ అప్ విత్’ మాత్రం మూడు మాటలూ అతుక్కుని ఉంటాయి, మధ్యలో ఎవరినీ దూరనివ్వవు, మనిషైనా వస్తువైనా చివరికే. అందుకే ‘మై బ్రదర్ పుట్ మీ అప్’ అంటే అన్నయ్య ఇంట్లో ఉండనిచ్చాడు, ‘మై బ్రదర్ పుట్ అప్ విత్ మీ’ అంటే అన్నయ్య నన్ను భరించాడు.

ఇరానీ_చాయ్
మొదటి వారం ఫస్ట్ది. రెండో వారం నుంచి సెకండ్ది.

డల్లాస్_వదిన
@ఇరానీ_చాయ్ మా ఇంటికి చుట్టాలు వచ్చినప్పుడు నువ్వు కిటికీలోంచి చూసినట్టున్నావ్

కూకట్‌పల్లి_కాకి
‘అప్ విత్ విచ్ ఐ విల్ నాట్ పుట్’ (దాన్ని నేను భరించను అని) చర్చిల్ అన్నాడు కదా, వాక్యం చివర విత్ లాంటివి రాకూడదని ఎవడో దిద్దితే వెటకారంగా

తార్నాక_తొందర
చర్చిల్ అన్నాడనడానికి ఆధారం లేదు. 1942లో ఆ జోకు పత్రికల్లో వచ్చినప్పుడు ఆయన పేరే లేదు, తర్వాత తగిలించారు. జోకు మాత్రం మాస్టారు చెప్పిన రూలుకి సరిగ్గా సరిపోతుంది, అతుక్కున్నవాటిని విడదీస్తే ఇలాగే నవ్వులపాలు.

చార్మినార్_చోటు
ఎవరూ చెప్పని ఒకటుంది. ‘పుట్ సమ్‌వన్ అప్ టు సమ్‌థింగ్’. మన భాషలో ఎక్కించి పంపడం, ఉసిగొల్పడం. మా ఇంట్ల పెళ్ళిచూపులకు వచ్చినప్పుడు మా అక్క కొడుకు, యూకేజీ పోరడు, అందరి ముందటకి వచ్చి పెళ్ళికొడుకు తరఫు మామను ‘అంకుల్ మీ విగ్గు తీసి చూపిస్తరా’ అన్నడు. గదిల సూది పడ్డా వినపడేటట్టు సప్పుడు లేకుండ అయింది. మా బావ పోరన్ని పక్కకు గుంజి ‘హూ పుట్ యూ అప్ టు దిస్’ అని పళ్ళు కొరికిండు. కార్పొరేట్ మనిషి, కోపమొస్తే ఇంగ్లీష్ల తిడతడు. పోరడు సక్కగ నా దిక్కు వేలు చూపిచ్చిండు. సంబంధం మాత్రం కుదిరింది, మామ నవ్వి ఊకున్నడు.

ఇరానీ_చాయ్
హౌ మియా, నీ మీద అనుమానం నాకు ముందు నుంచే ఉంది

నాంపల్లి_నల్లకోటు
దానికి దగ్గర్లోనే ‘పుట్-అప్ జాబ్’ ఉంది. ముందే మాట్లాడుకుని ఆడే నాటకం. ఇన్సూరెన్స్ కోసం తన షాపులో తనే దొంగతనం చేయించుకున్నవాడి కేసు లాంటిది. ఇక్కడ జాబ్ అంటే ఉద్యోగం కాదు, ఎవరూ అప్లికేషన్ పెట్టకండి.

తపాల్_సెక్షన్
మేం పుటప్ చేసేది జాబ్ అనుకున్నాం ఇన్నాళ్ళూ.

ఉప్పల్_ఆరెంజ్
‘పుట్ అప్ ఆర్ షట్ అప్’ కూడా రాయండి. దమ్ముంటే చేసి చూపించు లేకపోతే నోరు ముయ్. ఐపీఎల్ సీజన్లో చెన్నై వాళ్ళతో వాదించేటప్పుడు పనికొస్తుంది.

ఎస్ఆర్‌నగర్_హాస్టల్
ఇన్ని చెప్పారు, థ్యాంక్స్ అందరికీ. తార్నాక అక్క చెప్పినట్టు తర్వాత వచ్చే మాట చూసి వాక్యాలు రాశా, దిద్దండి.
మై కజిన్ ఇన్ బర్మింగ్‌హామ్ విల్ పుట్ మీ అప్ ఫర్ ఎ మంత్.
అవర్ వార్డెన్ పుట్ అప్ ఎ నోటీస్ సేయింగ్ దట్ ది ఓనర్ ఈజ్ పుటింగ్ ది రెంట్ అప్.
మై ఫాదర్ పుట్ అప్ ది మనీ ఫర్ మై కోచింగ్.
ఐ కాంట్ పుట్ అప్ ది మెస్ ఫుడ్ ఎనీమోర్.

నల్లకుంట_మాస్టారు
మొదటి మూడూ బాగున్నాయి. రెండోదాంట్లో ఒకే వాక్యంలో రెండు అర్థాలు వాడావు, శభాష్. ఓనర్ రెంట్ పెంచడాన్ని ఇక్కడ మనం హైక్ అంటాం, బ్రిటన్‌లో ‘పుట్ ది రెంట్ అప్’ మామూలు మాట, అలవాటు చేసుకో, అక్కడికి వెళ్ళాక ఎలాగూ వింటావు. నాలుగోదాంట్లో ‘విత్’ మింగేశావు.

డల్లాస్_వదిన
విత్ లేకపోతే మా టెక్సస్ లెక్కలో ‘మెస్ కూర ఇంక సీసాల్లో నిలవ పెట్టలేను’ అని అర్థం వస్తుంది 😄

ఇరానీ_చాయ్
గా కూర నిలవ బెట్టుడు ఎందుకక్కా, పొద్దున్న వండిందే రాత్రి దాకా అట్లనే ఉంటది, ఎవ్వడూ ముట్టడు

ఎస్ఆర్‌నగర్_హాస్టల్
@ఇరానీ_చాయ్ అన్నా నువ్వు మా హాస్టలేనా?

ఇరానీ_చాయ్
మూడో ఫ్లోర్. రెంట్ నోటీస్ నిజంగనే పుట్ అప్ చేసిండ్రా, ఎంత పెంచిండ్రు?

బృందావన్_పిన్ని
డల్లాస్ అమ్మాయీ, అక్కడ ఆవపిండి ఎక్కడ కొంటున్నావు? కొన్న పిండి చేదొస్తుంది, ఆవాలు ఎండబెట్టి ఇంట్లోనే కొట్టుకో. నూనె నువ్వులదే కదా?

పిల్లర్_నంబర్_ఎంత
అయిపోయింది, థ్రెడ్ వంటింట్లోకి వెళ్ళిపోయింది

డల్లాస్_వదిన
నువ్వుల నూనే పిన్నీ, ఇండియన్ స్టోర్లో దొరుకుతుంది. ఆవాలు మిక్సీలో వేస్తే వేడెక్కుతున్నాయి, అందుకే చేదేమో. కొంచెం కొంచెంగా ఆపి ఆపి తిప్పమంటారా?